ఏ సెప్టిసీమియా?

'స్టవ్ పేలి చనిపోయింది' అని రాసిన కాగితాలను నమ్మడం మనం ఏనాడో మానేశాం. ఎఫ్.ఐ.ఆర్. ఎలా చదవాలో, పోస్టుమార్టం రిపోర్టులో ఏ మాట ఉందో, ఏ మాట లేదో చూడటం స్త్రీల సంఘాలు పోలీసు స్టేషన్ల వరండాల్లో కూర్చుని నేర్చుకున్నాయి. ఆసుపత్రి కాగితం దగ్గరికి వచ్చేసరికి ఆ పట్టుదల ఎందుకు సడలిపోతుందో నాకు అర్థం కాదు. 'సెప్టిసీమియా' అని రాసి ఉంటే, అయ్యో, రక్తమంతా చెడిపోయిందట అనుకుని తల దించుకుని వచ్చేస్తాం.

ఆ మాట అబద్ధం కాదు. సగం నిజం. ఒంట్లోకి చేరిన బాక్టీరియాను ఎదుర్కొనే ప్రయత్నంలో శరీరం అదుపు తప్పి మూత్రపిండాలు, ఊపిరితిత్తులు, గుండె ఒకదాని వెంట ఒకటి దెబ్బతినడమే సెప్సిస్. అయితే ఆ బాక్టీరియా లోపలికి రావడానికి ఒక దారి ఉండి తీరాలి. కాన్పు చేసిన చేతులు కావచ్చు, లోపల మిగిలిపోయిన మాయ ముక్క కావచ్చు, సిజేరియన్ కుట్లు కావచ్చు, దొంగచాటుగా చేయించుకున్న అబార్షన్ కావచ్చు. కు.ని. ఆపరేషన్‌లో శుభ్రం చేయకుండా ఒకరి తర్వాత ఒకరికి వాడిన పరికరం కావచ్చు. ఆ దారి పేరు కాగితం మీద ఉందా లేదా అన్నదే నా ప్రశ్న.

ఆసుపత్రిలో చనిపోతే డాక్టరు ఫారం 4, ఇంట్లో చనిపోతే ఫారం 4ఎ నింపాలి. అందులో కారణాలను ఒక వరుసలో రాయాలి. పై గీత మీద ప్రాణం తీసిన చివరి స్థితి, కింది గీతల మీద దానికి దారితీసిన కారణాలు. అన్నిటికన్నా కింద ఉన్నదే అసలు కారణం. రాష్ట్ర కార్యాలయంలో కోడు వేసేవారు ప్రపంచ ఆరోగ్య సంస్థ జాబితాను ముందుపెట్టుకుని దానికి ఒక సంకేతం ఇస్తారు. కాన్పు తర్వాత వచ్చిన సెప్సిస్ అని రాసి ఉంటే ఓ 85. అబార్షన్ తర్వాత ఇన్ఫెక్షన్ అయితే ప్రసూతి అధ్యాయంలోనే మరో సంకేతం. ఆపరేషన్ తర్వాతది అయితే ఇంకొకటి. డాక్టరు పై గీత మీద 'సెప్టిక్ షాక్', రెండో గీత మీద 'సెప్టిసీమియా' రాసి కింద ఏమీ రాయకపోతే ఏ 41.9. అంటే ఏ క్రిమి వల్లో తెలియని సెప్సిస్. ఆ సంకేతంతో ఆమె ప్రసూతి అధ్యాయంలోంచి బయటికి వెళ్లి, అంటువ్యాధుల పట్టికలో ఆడా మగా, ముసలీ ముతకా అందరితో పాటు ఒక అంకె అయిపోతుంది.

ఇది ఎలా జరుగుతుందో ఊళ్లలో పనిచేసేవారికి కొత్తగా చెప్పనక్కర్లేదు. కాన్పు చిన్న నర్సింగ్ హోములో అవుతుంది. నాలుగో రోజు చలి జ్వరం. 'పాలు పడుతున్నాయిలే' అంటారు. తొమ్మిదో రోజు పొట్ట ఉబ్బుతుంది. పెద్దాసుపత్రికి తీసుకుపోతారు. అక్కడ ప్రసూతి వార్డులో కాదు, మెడికల్ ఐ.సి.యు.లో చేరుస్తారు. పన్నెండో రోజు చనిపోతుంది. డ్యూటీలో ఉన్న కుర్ర డాక్టరు తన కళ్లెదుట జరిగింది రాస్తాడు. కాన్పు అతను చూడలేదు. ఫారంలో ఒక గడి ఉంది: చనిపోయినది స్త్రీ అయితే, మరణానికి గర్భంతో సంబంధం ఉందా, కాన్పు అయిందా అని. ఆ గడి ఖాళీగా ఉండిపోతుంది. కాన్పయిన 42 రోజుల లోపు ఇటువంటి చావు మాతృ మరణమేనని నిర్వచనం స్పష్టంగా ఉన్నా లెక్కలోకి రాదు. నర్సింగ్ హోము పేరు ఎక్కడా రాదు.

లెక్క విడివిడిగా రాయడం ఎంత పెద్ద విషయమో వియన్నా నగరం చెబుతుంది. 1846లో అక్కడి ప్రసూతి ఆసుపత్రిలో డాక్టర్లు, వైద్య విద్యార్థులు కాన్పులు చేసే విభాగంలో నూటికి పదకొండు మందికి పైగా బాలింత జ్వరంతో చనిపోయారు. మంత్రసానులు పురుడు పోసే రెండో విభాగంలో ముగ్గురు కూడా లేరు. తమను మొదటి విభాగంలో చేర్చవద్దని స్త్రీలు కాళ్లావేళ్లా పడేవారు. సెమ్మెల్‌వైస్ అనే డాక్టరు ఆ రెండు లెక్కలనూ పక్కపక్కన పెట్టి చూశాడు. శవాలను కోసిన చేతులతోనే విద్యార్థులు కాన్పులకు వస్తున్నారని గ్రహించి, 1847లో సున్నపు క్లోరిన్ నీళ్లతో చేతులు కడిగించాడు. మరుసటి ఏడు మొదటి విభాగంలో చావులు నూటికి ఒకటీ చిల్లరకు దిగాయి. రెండు విభాగాల చావులనూ ఒకే పద్దులో కలిపి రాసి ఉంటే ఆయనకు ఏమీ కనిపించేది కాదు. (స్త్రీలకు మాత్రం ముందే తెలుసు. వాళ్లను ఎవరూ అడగలేదు.)

మన దేశంలో 2020లో నమోదైన మరణాల్లో వైద్యుడు కారణం ధృవీకరించినవి నాలుగో వంతు కూడా లేవు. మాతృ మరణాలు తగ్గాయని, 2018-20 నాటికి లక్ష సజీవ జననాలకు తెలంగాణలో 43, ఆంధ్రప్రదేశ్‌లో 45 అని నమూనా సర్వే చెబితే సంతోషించాల్సిందే. ఆ మిగిలినవారు దేనివల్ల పోతున్నారో చెప్పే కాగితం సరిగ్గా లేకపోతే ఆ 43నీ 45నీ తగ్గించడం ఎలా?

కారణం రాయడం బాధ్యత రాయడమే. 2014 నవంబరులో ఛత్తీస్‌గఢ్ బిలాస్‌పూర్‌లో ఒకే రోజు 83 మంది స్త్రీలకు కు.ని. ఆపరేషన్లు చేశారు. అక్కడి క్యాంపుల తర్వాత 13 మంది చనిపోయారు. మందు బిళ్లల్లో ఎలుకల మందు కలిసిందని ప్రభుత్వం అంది. కాదు, సెప్సిస్ అని పరిశీలించిన వైద్యులు అన్నారు. మొదటిది నిజమైతే నేరం మందుల కంపెనీది, రెండోది అయితే క్యాంపుది. మన ఇబ్రహీంపట్నంలో 2022 ఆగస్టు 25న 34 మందికి ఆపరేషన్లు చేస్తే నలుగురు పోయారు. ఇన్ఫెక్షనే కారణమని విచారణలో తేలింది. ఒకే చోట నలుగురు కాబట్టి విచారణ జరిగింది. ఒక్కొక్కరుగా పోయేవారి సంగతి ఎవరు తేలుస్తారు?

చేతికి ఒక ఆయుధం వచ్చింది. పంచాయతీ, మునిసిపాలిటీ ఇచ్చే మరణ ధృవపత్రంలో కారణం ఉండదు. కానీ 2023లో సవరించిన జనన మరణాల నమోదు చట్టం ప్రకారం, ప్రభుత్వ ఆసుపత్రి అయినా ప్రైవేటు అయినా, మరణ కారణ పత్రాన్ని డబ్బు తీసుకోకుండా రిజిస్ట్రారుకు పంపి, ఒక కాపీ దగ్గరి బంధువుకు ఇచ్చి తీరాలి. 2023 అక్టోబరు 1 నుంచి అమల్లో ఉంది. శవంతో పాటు ఆ కాపీని అడిగి తీసుకోమని ప్రతి కార్యకర్తకూ చెప్పండి. కింది గీత చూడండి, గర్భం గడి చూడండి. ఖాళీగా ఉంటే అక్కడికక్కడే అడగండి. 15 నుంచి 49 ఏళ్ల స్త్రీ ఎవరు చనిపోయినా ఆశా కార్యకర్త కబురు పంపాలని మాతృ మరణాల పరిశీలన నిబంధన. ఆమెను వెంట పెట్టుకోండి. ఉద్యోగం పోతుందని భయపడితే ఆమెను తప్పుపట్టకండి.

నాకు తేలని చిక్కు ఒకటుంది. పెళ్లికాని పిల్ల అబార్షన్ వికటించి చనిపోతే, అబార్షన్ అని లెక్కలో పడాలని నేను కోరుకుంటాను. ఆ కాపీ ఇంటికి చేరితే ఆమె చెల్లెళ్ల చదువు ఆగిపోవచ్చు. పెళ్లయిన స్త్రీ అయితే కాపీ భర్త చేతిలో పడుతుంది, అదీ కాన్పు దగ్గర ఆలస్యం చేసిన వాడి చేతిలో. కూతురు ఎలా పోయిందో తెలుసుకోవాలని తల్లి వస్తే 'అల్లుడికి ఇచ్చేశాం' అంటారు. తల్లి అడిగినా ఇవ్వాలని రాష్ట్ర నియమాల్లో రాయించడం మన తక్షణ పని. మీ జిల్లాలో ఇప్పటికే ఎవరికైనా కాపీ ఇవ్వనన్నారా? ఏ తేదీన, ఏం చెప్పి పంపారో మాకు రాయండి.