పాత రీలుకు కొత్త రంగు ఎక్కడిది?

1957 నాటి ‘మాయాబజార్’ 2010 జనవరిలో రంగులద్దుకుని మళ్లీ థియేటర్లకు వచ్చింది. హైదరాబాద్‌కు చెందిన గోల్డ్‌స్టోన్ సంస్థ చేసిన ఆ పనిని మెచ్చుకున్నవాళ్లున్నారు, మార్కస్ బార్ట్‌లే నలుపు తెలుపే అందమన్నవాళ్లూ ఉన్నారు. నాకైతే పేచీ లేదు. ఘటోత్కచుడి పంచె రంగు అది కాదని సాక్ష్యం చెప్పడానికి ద్వాపరం నుంచి ఎవరూ రారు.

నా పేచీ వార్తాచిత్రాల దగ్గరే. 1955 డిసెంబర్ 10న నెహ్రూ నాగార్జునసాగర్‌కు శంకుస్థాపన చేశారు. అలాంటి సందర్భాల పాత ఫుటేజీకి కృత్రిమ మేధతో రంగులు వేసి, పదును పెట్టి టీవీలో వాడుకోవడం ఇప్పుడు చిటికెలో పని. చూడ్డానికి బాగానే ఉంటుంది. ఆ రంగు ఎక్కడి నుంచి వచ్చిందన్నదే ప్రశ్న.

ఫిల్ము నుంచి మాత్రం రాలేదు. నలుపు తెలుపు ఫిల్ములోని వెండి రేణువులు కాంతి ఎంత పడిందో నమోదు చేస్తాయి, అది ఏ రంగు కాంతో చెప్పవు. ఎర్ర చీర, ఆకుపచ్చ చీర ఒకే బూడిద రంగులో తేలవచ్చు. తొలినాళ్ల ఆర్థోక్రొమాటిక్ ఫిల్ము ఎరుపును దాదాపు పట్టుకునేదే కాదు. కుంకుమ బొట్టు నల్లగా పడేది. రెండు రంగులు ఒకే అంకెగా మారాక, ఆ అంకె ఒక్కదాన్నే పట్టుకుని వెనక్కి వెళ్లడం కుదరదు. కృత్రిమ మేధ తాను చూసిన లక్షల ఫొటోలను బట్టి ఊహిస్తుంది, అంతే. ఆ ఫొటోల్లో 1955 నాటి పల్నాటి తలపాగాలు ఎన్ని ఉండి ఉంటాయి?

వేగం సంగతీ ఇంతే. మూకీల రోజుల్లో కెమెరాను చేత్తో తిప్పేవారు. సెకనుకు 16 ఫ్రేములతో తీసినదాన్ని 24తో వేస్తే మనుషులు ఒకటిన్నర రెట్లు వేగంగా నడుస్తారు. మనం నవ్వుకునే ఆ గబగబ నడక వాళ్లది కాదు, మన ప్రొజెక్టర్‌ది. దాన్ని సరిచేయాల్సిందే. అయితే సాఫ్ట్‌వేర్ 16ను సమాన ఎడంతో 24గా మార్చినప్పుడు అసలు ఫ్రేములతో కలిసేవి 8 మాత్రమే. మిగతా 16 ఏ కెమెరా తీయనివి!

పీటర్ జాక్సన్ 2018లో మొదటి ప్రపంచయుద్ధపు ఫుటేజీకి రంగులద్దినప్పుడు, ఏం చేశారో బయటికి చెప్పారు. మన తెరలపైనా అదే జరగాలి. ఉష్ణోగ్రతల గ్రాఫులో కొలవని చోట చుక్కల గీత గీస్తాం కదా, ఫుటేజీకి అది ఎందుకు వద్దు? ‘రంగులు తర్వాత వేసినవి’ అని తెర మూలన ఒక్క ముక్క, తీసిన ఏడాది, రీలు ఎక్కడిదో ఆ పేరు చాలు. దీన్ని ఛాదస్తం అనేవాళ్లు అననీ.

ఇందులో తొందర కూడా ఉంది. ఎసిటేట్ ఫిల్ము వేడికీ తేమకూ కుళ్లి వెనిగర్ వాసన కొడుతుంది. మన కోస్తా వాతావరణంలో ఆ రెంటికీ కొదవ లేదు. 1932లో విడుదలైన తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ ప్రింటు ఇప్పుడు మనకు లేదు. రేపు ఒక రీలు పోయి దాని రంగుల కాపీ ఒక్కటే మిగిలితే, పరిశోధకులు చూసేది దాన్నే. తర్వాతి కృత్రిమ మేధ నేర్చుకునేదీ దాని నుంచే. అందుకే ఏ మార్పూ చేయని స్కాన్‌ను ముందు భద్రపరిచి, ఆ తర్వాతే రంగుల డబ్బా తెరవాలి.