ఆకుపచ్చ పెళ్ళికూతురు

సెలవుల్లో పిల్లలు టీవీలో బొమ్మల సినిమా చూస్తుంటే, బీరకాయలు తరుగుతూ మీరూ ఓ కన్ను అటు వేసే ఉంటారు. 2001లో వచ్చిన ‘ష్రెక్’ దొరికితే మాత్రం కత్తిపీట పక్కన పెట్టి పూర్తిగా చూడండి. అందులో ఫియోనా అనే రాజకుమారి పగలు అందాల బొమ్మ. పొద్దుగూకితే శాపం వల్ల ఆకుపచ్చని ఒళ్ళు, బూరె బుగ్గలు, గొట్టాల్లాంటి చెవులు! అందుకే చీకటి పడేసరికి ఎవరి కంటా పడకుండా దాక్కుంటుంది, పాపం. నిజమైన ప్రేమతో ముద్దు పెడితే శాపం పోతుందని ఆశ. తీరా శాపం తీరాక చూసుకుంటే ఆకుపచ్చగానే మిగిలిపోయింది. అందంగా మారాల్సిందాన్ని ఇదేమిటని ఆమె తెల్లబోతే, ఇప్పుడూ అందంగానే ఉన్నావంటాడు ష్రెక్.

వరుడూ ఆ రంగువాడేగా అంటారా? నిజమే. అయినా అంతకుముందు ఆమెను చేసుకోవాలని తహతహలాడిన ప్రభువు ఈ రూపం చూసి ఛీ అన్నాడు కదండీ. అన్నట్టు, ఆ ప్రభువు పొట్టివాడని సినిమా పొడుగునా వేళాకోళం చేశారు. మనసే అందమని చెప్పే కథలో అది నాకు నచ్చలేదు.

1991లో డిస్నీ వారు తీసిన ‘బ్యూటీ అండ్ ద బీస్ట్’లో మృగం లాంటివాణ్ణి మనసు చూసి ప్రేమించిన అమ్మాయి మొదట్నుంచీ చక్కని చుక్కే. మన కథల్లోనూ అంతే. మాకు పక్కనే ఉన్న రాజమహేంద్రవరంలో 11వ శతాబ్దంలో నన్నయగారు తెలుగు చేసిన భారతంలో నలుడి కథ ఉంది. కర్కోటకుడి కాటుకి కురూపి అయిన భర్తను దమయంతి ఎలా పోల్చుకుందనుకున్నారు? అతను వండిన మాంసం తెప్పించుకుని, రుచి చూసి! మగవాడికి రూపం పోయినా చేతిలో విద్య ఉంటే చాలని కథలు ఏనాడో ఒప్పుకున్నాయి. ఆడపిల్ల దగ్గరికొచ్చేసరికే పేచీ.

మా ధవళేశ్వరం పేరులో ధవళం ఉంది గానీ, ఈ గోదావరి ఎండల్లో తెల్లగా మిగిలేదెవరండీ? అయినా ఆడపిల్లని ఎండలోకి వెళ్ళొద్దంటాం, నల్లబడతావంటాం. వడదెబ్బ తగులుతుందని మాత్రం అనం! 1975లో వచ్చిన ‘ఫెయిర్ అండ్ లవ్లీ’ కూడా 2020లో పేరులోంచి ఆ ‘ఫెయిర్’ తీసేసింది. మన నోట్లోంచి మాత్రం పోలేదు. “అమ్మాయి రంగు తక్కువ గానీ, పనిమంతురాలు” అని పెళ్ళిళ్ళ పేరమ్మలు అనడం, మనం తలూపడం! పక్క గదిలో పిల్ల వింటూనే ఉంటుంది. పనిమంతురాలన్నది దాని చెవికెక్కదు, ఆ ‘గానీ’ ఒక్కటే గుచ్చుకుంటుంది. ఫియోనాలా ఎక్కడ దాక్కోవాలో వెతుక్కోవడం మొదలయ్యేది అక్కడే.

సున్నిపిండి మానమని నేననను. ఒళ్ళు శుభ్రపడుతుంది, నలుగు పెడుతుంటే తల్లీకూతుళ్ళకి నాలుగు కబుర్లూ సాగుతాయి. రంగొస్తుందని ఆశపెట్టి మాత్రం రుద్దకండి. ఈసారి పేరమ్మ వచ్చి ‘గానీ’ అనబోతే, “ఆయ్, మా అమ్మాయి నలుపేనండి, బావుంటుంది” అని పక్క గదిలోకి వినపడేలా అనేసి, కాఫీ కలపడానికి లేవండి.