మీరెవలు?

2012లో డీఎస్సీ కోచింగు కోసం నల్లగొండ జిల్లా నుంచి వచ్చి దిల్‌సుఖ్‌నగర్‌లో రూము తీసుకున్నాం. నలుగురం, ఒక కిరసనాయిలు స్టవ్వు. అక్కడే ఒక రాత్రి దోస్తు కంప్యూటర్లో ‘హైదరాబాద్ బ్లూస్’ చూశాను.

1998 నాటి సినిమా. నాగేశ్ కుకునూర్ ఉస్మానియాలో కెమికల్ ఇంజనీరింగు చదివి, అమెరికా పోయి అట్లాంటాలో ఉద్యోగం చేసి, తన సంపాదనలోంచి సుమారు 17 లక్షలు పెట్టి 17 రోజుల్లో తీశాడు. హీరో వరుణ్ వేషం తనే వేశాడు. పన్నెండేళ్లకు అమెరికా నుంచి ఇంటికొచ్చిన వరుణ్ సొంత ఊళ్లో పరాయివాడవుతాడు. పెద్ద హీరోలు లేకుండా అంత చిన్న డబ్బుతో సినిమా తీసిన తెగువకు దండం పెడతాను. కాని తగాదా ఉంది.

వరుణ్‌కు పరాయితనం విమానమెక్కితే వచ్చింది. మా నాయిన జిల్లా దాటి ఎరుగడు. అయినా పుట్టిన ఊళ్లోనే పరాయివాడు. హోటల్లో ఆయన గ్లాసు వేరు, అదీ ఆయనే కడిగి పెట్టాలె. పెద్దలు కుదిర్చే పెళ్లి చూసి వరుణ్ విసుక్కుంటాడు. ఆ పెద్దలు మొట్టమొదట చూసేదేంది? కులం కాదా? సినిమా ఆ పునాది రాయిని ఎందుకు కదిలించలేదు?

2019లో నాకు సర్కారు బడిలో టీచరు ఉద్యోగమొచ్చింది. మా ఇంట్ల డిగ్రీ మొదలు నాతోనే. నేనూ నా భార్యా ఎల్బీనగర్‌లో ఇల్లు వెతికాం. ఒక ఇంటామె లోపలికి పిలిచి కూచోబెట్టింది, మంచినీళ్లిచ్చింది. సర్కారు సారంటే సంబరపడ్డది.

‘ఇంతకూ మీరెవలు?’

‘టీచర్ను గదమ్మా.’

‘అది కాదు సారూ. మీరెవలు?’

మాదిగోళ్లమని చెప్పాను. అమెరికాలో ఉన్న కొడుకు వస్తున్నాడట, ఇల్లు ఆయనకు కావాలెనట. ఆ గేటుకు టు లెట్ బోర్డు రెండు నెలలు అట్లనే వేలాడింది.

‘నేనెవణ్ణి?’ అని వరుణ్‌లు తీరుబాటుగా అడుగుకోవచ్చు. మమ్మల్ని మాత్రం అడ్వాన్సు పైసలు చేతిలో పట్టుకొని నిలబడ్డప్పుడు అడుగుతారు.

అమెరికా పోయినోళ్లు కులాన్ని శంషాబాదులో వదిలి ఎక్కుతున్నారా? మరి 2023 ఫిబ్రవరిలో సియాటిల్ నగరం కుల వివక్షను నిషేధించాల్సిన అవసరమెందుకొచ్చింది? అదే ఏడు అక్టోబరులో కాలిఫోర్నియా గవర్నరు అలాంటి బిల్లునే వీటో చేశాడు. ఆ బిల్లు వద్దని మొత్తుకున్నోళ్లలో మన దేశపోళ్లు లేరా? మరొక ప్రవాసి, మన సుజాత గిడ్ల. న్యూయార్కు భూగర్భ రైళ్లలో కండక్టరుగా పనిచేస్తూ 2017లో తన దళిత కుటుంబం కథను పుస్తకం చేసింది. ఆమెదీ ప్రవాసమే. ఆమెదీ అస్తిత్వమే. అయినా తెరమీద ఎన్నారై అనగానే సూటుకేసు పట్టుకొని వచ్చే వరుణే ఎందుకు దిగుతాడు?

మొన్న ఎల్బీనగర్ మెట్రో దిగి నడిచొస్తుంటే ఆ గేటుకు మళ్లీ బోర్డు కనబడింది. కెమెరాలు పట్టుకొని మూలాలు వెతుక్కోవడానికొచ్చే అన్నలారా, ఒక్క షాటు అక్కడ పెట్టండి. అడ్రసు నేను చెప్తాను.