ఠాణాలలో తుప్పుపట్టు బండ్లు

ఏ పోలీసు ఠాణా ఆవరణమునకేగినను ఒక దృశ్యము సాధారణముగ కన్పట్టుచుండును. మోటారు సైకిళ్లు ఒకదానిపై నొకటి ఒరిగియుండును. ఆటోల పైకప్పులు చినిగి వ్రేలాడుచుండును. లారీ చక్రముల నడుమ పిచ్చిమొక్కలు మొలచియుండును. నేరపరిశోధన పేరిట స్వాధీనము చేసికొనబడిన బండ్లివి. వీని యజమానులలో ననేకులు ముద్దాయిలైనను కారు. అద్దెకిచ్చిన బండిలో మరియొకడు దొంగసరకు తరలించియుండును. లేదా జీతమునకు కుదిరిన డ్రైవరు అజాగ్రత్తగ నడిపి యొకనిని గాయపరచియుండును. నేరము రుజువగునో కాదో తేలుటకు ఏండ్లు పట్టును. బండి యజమానికి మాత్రము శిక్ష నాటినుండియే ప్రారంభమగుచున్నది.

శాసనము ఇట్లుండుమని చెప్పలేదు. 1973 నాటి క్రిమినలు ప్రొసీజరు కోడులోని 451, 457 సెక్షనులు, విచారణ ముగియకమున్నే సొత్తును అర్హునికప్పగించు అధికారమును మేజిస్ట్రేటునకొసగినవి. దాని నెట్లు వినియోగింపవలెనో 2002 అక్టోబరు 1వ తేదీన సుందర్‌భాయి అంబాలాల్ దేశాయి వ్యాజ్యమున సుప్రీముకోర్టు విస్పష్టముగ దెలిపినది. పంచనామా వ్రాయించి, ఛాయాచిత్రములు తీయించి, తగిన పూచీకత్తు గైకొని బండిని వెంటనే విడువవలెను. పదునైదు దినములు, మహా యైన నొక నెల, అంతకుమించి సొత్తు ఠాణాలో నిలువరాదు. ఆ వ్యాజ్యము పుట్టిన తీరు గమనింపదగినది. సూరతులో పనిచేసిన కొందరు పోలీసు ఉద్యోగులు, స్వాధీనమందున్న వస్తువులను తీసి నకిలీ వస్తువులను పెట్టిరనియు, సొత్తును అక్రమముగ వేలము వేసిరనియు అభియోగము. కాపలాలోని సొత్తునకే కాపలా కావలసివచ్చినదన్నమాట!

ఈ తీర్పు కాగితమునందే నిలిచిపోయినందున, జనరల్ ఇన్సూరెన్సు కౌన్సిలు ఆంధ్రప్రదేశ ప్రభుత్వము మొదలగువారిపై దెచ్చిన వ్యాజ్యమున 2010లో ఆ న్యాయస్థానమే దాని నమలుజరుపుడని మరల చెప్పవలసివచ్చినది. 2024 జూలై 1 నుండి అమలులోనున్న భారతీయ నాగరిక సురక్షా సంహిత 497వ సెక్షనునందు గడువును శాసనములోనే చేర్చినది: పదునాలుగు దినములలో సొత్తు వివరణపత్రము సిద్ధపరచి, ఛాయాచిత్రమో వీడియోయో తీయించి, అటుపై ముప్పది దినములలో ఉత్తరువు చేయవలెను.

సాక్ష్యము చెడునని పోలీసువారు చెప్పు ఆక్షేపణలో పస తక్కువ. ప్రమాదము చేసిన బండి బ్రేకులను మోటారు వాహనముల ఇన్‌స్పెక్టరు తొలిదినములలోనే పరీక్షించును. మూడేండ్లు వానలో నానిన బండి ఆ బ్రేకులను గూర్చి యేమి సాక్ష్యమీయగలదు? అటవీ నేరములందు వాహనములను సామాన్యముగ విడువరాదని సుప్రీముకోర్టు 2000 సంవత్సరమున చెప్పినమాట నిజమే. అడవిదొంగకు లారీయే ఆయుధము గనుక ఆ కాఠిన్యమును మేము కాదనము. కాని మాదకద్రవ్యముల కేసులలోనైనను వాహనమును తాత్కాలికముగ విడుచుటకు శాసననిషేధము లేదని 2025 జనవరిలో బిశ్వజిత్ దే వ్యాజ్యమున ఆ న్యాయస్థానమే తీర్పుచెప్పినది. అట్టిచో చిన్న తగవులో చిక్కిన ఆటో సంగతి వేరుగ చెప్పవలెనా?

అసలు కష్టము పూచీకత్తునొద్ద నున్నది. వాయిదాలపై ఆటో కొనినవానికి బండి ఠాణాలోనున్నను నెలవాయిదా ఆగదు, సంపాదన మాత్రమాగును. బండి విలువకు సమానమైన ఆస్తిగల జామీనుదారుని తెమ్మనిన వాడెక్కడనుండి తెచ్చును? వకీలునకు ఫీజిచ్చి దరఖాస్తు వేయువానికే బండి వచ్చుచున్నది. వేయలేనివాని బండి పాతయినుముగ మారుచున్నది. స్వాధీనపు నివేదిక అందినతోడనే, దరఖాస్తునకై వేచియుండక, మేజిస్ట్రేటులే యజమానికి నోటీసు పంపవలెను. పేదవాని విషయమున స్వంత పూచీకత్తుతోడనే తృప్తిపడవలెను. తన పరిధిలోని ఠాణాలలో నిలిచిన బండ్ల జాబితాను ప్రతి మేజిస్ట్రేటును నెలనెలకు తెప్పించుకొని, ఏ బండి యెందులకు విడువబడలేదో కారణము వ్రాసి, కోర్టు గోడపై నంటింపవలెనని ఉన్నత న్యాయస్థానములు ఉత్తరువు చేయుట అత్యవసరము.