రక్తపరీక్ష సాక్షి మాత్రమే



పొలంలో కాలికి ముల్లు గుచ్చుకుని, అది చీముపట్టి, గజ్జల్లో బిళ్ళ కడితే "సెప్టిక్ అయింది" అని మన ఊళ్లలో అంటారు. ఆ మాట మనందరికీ పాతదే. అయితే ఆసుపత్రిలో డాక్టరు గారు బయటకు వచ్చి "మీ నాన్నగారికి సెప్సిస్ వచ్చింది" అని చెప్పినప్పుడు చాలామంది ఆ పాత అర్థమే తీసుకుని, "ఒంటిమీద పుండు ఎక్కడా లేదు కదండీ" అని తిరిగి అడుగుతారు. ఆ తరువాత రిపోర్టులు చేతికి వస్తాయి. వాటిలో సి.ఆర్.పి., ప్రొకాల్సిటోనిన్, లాక్టేట్ అనే పేర్లు, వాటి ఎదుట అంకెలు ఉంటాయి. ఐ.సి.యు. వరండాలో కూర్చున్న కుటుంబం ఆ కాగితాన్ని చేతిలో పట్టుకుని, అంకె తగ్గితే మనిషి దక్కినట్టే అనీ, పెరిగితే ఇక ఆశ లేదనీ అనుకుంటుంది. పరామర్శకు వెళ్లిన వారికి సైతం ఆ కాగితం చూపించి "ఇది మంచిదేనా?" అని అడుగుతుంది.

ఈ పరీక్షలు ఏమి చెప్పగలవు, ఏమి చెప్పలేవు అనే సంగతి ప్రతి కుటుంబం తెలుసుకోవడం అవసరం. కనుక ఈ నెల ఆ విషయం ఆలోచిద్దాం.

సెప్సిస్ అనగా ఏమిటి?

శరీరంలో ఎక్కడో ఒకచోట సూక్ష్మక్రిములు చేరతాయి. ఊపిరితిత్తుల్లో గాని, మూత్రమార్గంలో గాని, కడుపులో గాని, కాన్పు తరువాత గర్భసంచిలో గాని అవి చేరవచ్చు. వాటిని ఎదుర్కొనడానికి శరీరం తన బలాన్నంతా కూడగట్టుకుంటుంది. ఆ పోరాటం అదుపు తప్పి, శరీరం తన అవయవాలనే దెబ్బతీసుకుంటే దానిని సెప్సిస్ అంటారు. ఎలుకల మీద కోపంతో ఇంటికి నిప్పు పెట్టుకున్నట్టు అన్నమాట. 2016లో వైద్యనిపుణులు ఇచ్చిన నిర్వచనం సారాంశం ఇదే. కేవలం క్రిములు చేరడం సెప్సిస్ కాదు. దానివలన అవయవాలు దెబ్బతిని ప్రాణానికి ముప్పు రావడమే సెప్సిస్.

ఇది అరుదైన జబ్బు కాదు. 2017వ సంవత్సరంలో ప్రపంచమంతటా సుమారు 4 కోట్ల 89 లక్షల మందికి సెప్సిస్ వచ్చిందనీ, 1 కోటి 10 లక్షల మంది దానితో మరణించారనీ 2020లో లాన్సెట్ అనే వైద్యపత్రిక ప్రచురించిన అంచనా చెబుతోంది. అనగా ఆ సంవత్సరం జరిగిన ప్రతి అయిదు మరణాలలో దాదాపు ఒకటి. రోగులలో 2 కోట్లకు పైగా అయిదేళ్లలోపు పసిబిడ్డలే.

రక్తంలో గుర్తులు ఎందుకు వెదికారు?

జ్వరం, గుండెదడ, ఆయాసం ఎన్నో జబ్బులలో వస్తాయి. డెంగీలోనూ వస్తాయి, క్లోమం వాచినా వస్తాయి. సెప్సిస్‌ను ఖాయంగా తేల్చే పరీక్ష ఏదీ ఒంటరిగా లేదు. క్రిమిని కనిపెట్టడానికి రక్తాన్ని కల్చర్‌కు పంపితే జవాబు రావడానికి సాధారణంగా ఒకటి నుండి మూడు రోజులు పడుతుంది. సెప్సిస్ ఉన్న చాలామందిలో ఆ కల్చర్‌లో ఏ క్రిమీ పెరగదు కూడా. మరి ఇక్కడ చూస్తే గంటల లెక్క. రక్తపోటు పడిపోయిన సెప్సిస్ రోగులపై 2006లో వెలువడిన ఒక అధ్యయనంలో, సరైన యాంటీబయాటిక్ మందు ఇవ్వడం గంట ఆలస్యమైన కొద్దీ బ్రతికే అవకాశం సగటున 7.6 శాతం చొప్పున తగ్గినట్టు కనబడింది. అందుకే త్వరగా సమాచారం ఇచ్చే గుర్తుల కోసం వైద్యులు రక్తంలో వెదకసాగారు. వీటినే బయోమార్కర్లు అంటారు.

మూడు ముఖ్యమైన గుర్తులు

మొదటిది సి.ఆర్.పి. దీనిని 1930లో అమెరికాలోని రాక్‌ఫెల్లర్ సంస్థలో టిల్లెట్, ఫ్రాన్సిస్ అనే శాస్త్రజ్ఞులు న్యుమోనియా రోగుల రక్తంలో కనుగొన్నారు. శరీరంలో వాపు గాని, క్రిముల దాడి గాని జరిగినప్పుడు కాలేయం దీనిని తయారు చేస్తుంది. దాదాపు ఆరు గంటల తరువాత పెరగడం మొదలై, రెండు రోజులకు శిఖరానికి చేరుతుంది. ఖర్చు తక్కువ, చిన్న పట్టణాల ల్యాబులలోనూ చేస్తారు. అయితే కీళ్లవాతంలోనూ, ఆపరేషన్ తరువాత కూడా ఇది పెరుగుతుంది. ఏదో జరుగుతోందని చెబుతుంది గాని, ఏమి జరుగుతోందో చెప్పదు.

రెండవది ప్రొకాల్సిటోనిన్. మామూలుగా ఇది మెడలోని థైరాయిడ్ గ్రంథిలో కాల్సిటోనిన్ అనే హార్మోను తయారుకావడానికి ముడిసరుకు. 1993లో ఫ్రాన్సు దేశపు పరిశోధకులు క్రిముల జబ్బు ఉందని అనుమానించిన 79 మంది పిల్లలను పరీక్షించారు. తీవ్రమైన బ్యాక్టీరియా జబ్బు ఉన్న పిల్లల రక్తంలో ఈ పదార్థం విపరీతంగా పెరిగినట్టు చూశారు. థైరాయిడ్ గ్రంథిని పూర్తిగా తీసివేసిన ఒక రోగిలో కూడా ఇది పెరిగింది. దానివలన, సెప్సిస్ సమయంలో ఇది శరీరంలోని ఇతర భాగాలలోనూ తయారవుతుందని అర్థమయింది. క్రిములు దాడి చేసిన మూడు నాలుగు గంటల్లోనే ఇది పెరగడం మొదలవుతుంది. జబ్బు లొంగితే రోజుకు ఇంచుమించు సగం చొప్పున తగ్గుతుంది. ఆరోగ్యవంతులలో ఇది మిల్లీలీటరు రక్తరసంలో 0.05 నానోగ్రాముల లోపే ఉంటుంది. నానోగ్రాము అంటే గ్రాములో నూరు కోట్లవ వంతు.

మూడవది లాక్టేట్. ఇది క్రిములకు గుర్తు కాదు, కణాలు పడుతున్న కష్టానికి గుర్తు. 1843లోనే షేరర్ అనే జర్మన్ వైద్యుడు బాలింత జ్వరంతో చనిపోయిన స్త్రీల రక్తంలో దీనిని కనుగొని రాశాడు. రక్తపోటు నిలబెట్టడానికి మందు ఎక్కించవలసి వస్తూ, సరిపడినంత సెలైన్ ఇచ్చిన తరువాత కూడా లాక్టేట్ 2 మిల్లీమోల్స్ దాటి ఉంటే దానిని సెప్టిక్ షాక్ అంటారు.

రోగనిర్ధారణలో వీటి సాక్ష్యం ఎంత?

ఒక్క సాక్షి మాట విని తీర్పు చెప్పకూడదని మన పెద్దలు అంటారు. ఇక్కడా అంతే. ప్రొకాల్సిటోనిన్ బ్యాక్టీరియా జబ్బులలో బాగా పెరిగి, వైరస్ జబ్బులలో తక్కువగా ఉంటుందనే మాట చాలామట్టుకు నిజమే. కాని పెద్ద ప్రమాదం జరిగినా, ఒళ్లు కాలినా, పెద్ద ఆపరేషన్ జరిగినా క్రిములు లేకుండానే అది పెరుగుతుంది. మలేరియాలో పెరుగుతుంది. మూత్రపిండాలు చెడిన వారిలో ముందే కొంత ఎక్కువగా ఉంటుంది. పుట్టిన రెండు రోజులలోపు బిడ్డలో సహజంగానే పెరిగి తగ్గుతుంది. మరొకవైపు, జబ్బు మొదటి గంటల్లో పరీక్ష చేస్తే సెప్సిస్ ఉన్నా అంకె తక్కువ రావచ్చు.

అందుకే సెప్సిస్ చికిత్సకు ప్రపంచ నిపుణులు 2021లో విడుదల చేసిన మార్గదర్శకాలలో ఒక సంగతి స్పష్టంగా ఉంది. యాంటీబయాటిక్ మొదలుపెట్టాలా వద్దా అనే నిర్ణయానికి ప్రొకాల్సిటోనిన్ కోసం చూడవద్దు. రోగిని పరీక్షించి నిర్ణయించండి అని సూచించారు. షాక్ ఉంటే గంటలోపు మందు పడాలి. షాక్ లేకుండా సెప్సిస్ అనుమానం మాత్రమే ఉంటే, త్వరగా విచారించి మూడు గంటలలోపు తేల్చుకోవాలి.

అసలు మేలు ఎక్కడ?

మందు మొదలుపెట్టడంలో కంటే ఆపడంలో ఈ పరీక్ష ఎక్కువ ఉపయోగపడింది. నెదర్లాండ్స్‌లో 1,575 మంది ఐ.సి.యు. రోగులపై జరిగిన అధ్యయనం 2016లో వెలువడింది. ప్రొకాల్సిటోనిన్ తన శిఖరం నుండి 80 శాతం తగ్గినప్పుడు గాని, 0.5కు దిగినప్పుడు గాని యాంటీబయాటిక్ ఆపవచ్చని డాక్టర్లకు సలహా ఇచ్చారు. మందు వాడిన రోజులు ఏడు నుండి అయిదుకు తగ్గాయి. 28 రోజులలోపు మరణాలు ఆ పద్ధతిలో 20 శాతం, మామూలు పద్ధతిలో 25 శాతం. బ్రిటన్‌లో 2,760 మందిపై జరిపి 2024లో ప్రకటించిన అధ్యయనంలో మందు వాడిన కాలం 10.7 రోజుల నుండి 9.8కి తగ్గింది. అక్కడ మరణాలు తగ్గలేదు, అయితే ఈ పద్ధతి వలన హాని జరిగిందనీ తేలలేదు. అదే అధ్యయనంలో సి.ఆర్.పి.ని బట్టి నడిచిన వారిలో మందు రోజులు తగ్గలేదు.

ఒక్క రోజు తగ్గితే ఏమిటి అనుకోవద్దు. అవసరానికి మించి వాడిన యాంటీబయాటిక్ క్రిములకు మొండితనం నేర్పుతుంది. ఆ మొండి క్రిమి రేపు ప్రక్క మంచం మీది రోగికి సోకుతుంది.

బ్రతుకుతాడా అని అంకె చెప్పగలదా?

వరండాలో కూర్చున్న వారి అసలు ప్రశ్న ఇదే. పైన చెప్పిన సెప్టిక్ షాక్ లక్షణాలన్నీ ఉన్నవారిలో నూటికి 40 మందికి పైగా ఆసుపత్రిలోనే మరణించినట్టు 2016 నాటి లెక్క. ఇది భయపెట్టే అంకె. అయితే అదే లెక్కను రెండవ వైపు నుండి చదవండి. నూటికి 50 మందికి పైగా ఇంటికి వెళ్లారు. ఇది వందలమంది గుంపును గూర్చిన మాట. ఆ గుంపులో మన మనిషి ఏ వరుసలో ఉన్నాడో ఆ లెక్కకు తెలియదు.

ఒక్కనాటి అంకె కంటే అంకెల నడక ముఖ్యం. ఆరు గంటలకు, పన్నెండు గంటలకు లాక్టేట్ దిగుతున్నదా? మూడు నాలుగు రోజులలో ప్రొకాల్సిటోనిన్ తగ్గుతున్నదా? దిగుతుంటే మంచి సూచన. దిగకపోతే, చీము ఎక్కడైనా నిలిచి ఉందా, మందు మార్చాలా అని డాక్టర్లు మళ్లీ వెదకాలి. అనగా పెరిగిన అంకె మరణశాసనం కాదు, తిరిగి వెదకమని చేసే హెచ్చరిక. లాక్టేట్ కూడా కాలేయం చెడినా, ఫిట్స్ వచ్చినా పెరుగుతుంది.

ఒక చిన్న సంగతి చెప్పాలి. దక్షిణ అమెరికాలోని అయిదు దేశాలలో 424 మంది సెప్టిక్ షాక్ రోగులపై జరిగిన అధ్యయనం 2019లో వెలువడింది. సగం మందికి లాక్టేట్ చూసి చికిత్స చేశారు. మిగిలిన సగం మందికి వేలికొనను గాజుపలకతో పది సెకన్లు నొక్కి వదలి, రంగు ఎన్ని సెకన్లలో తిరిగి వస్తుందో చూసి చికిత్స చేశారు. మూడు సెకన్లలోపు వస్తే మంచిది. వేలు చూసిన వారిలో మరణాలు 34.9 శాతం, లాక్టేట్ చూసిన వారిలో 43.4 శాతం. ఆ తేడా కచ్చితమని గణితం ఒప్పుకోలేదు గాని, మంచం ప్రక్కన నిలబడి చూసే కన్ను యంత్రానికి తీసిపోదని అది చూపింది.

2020లో ఒక పరిశీలన లెక్కించగా, సెప్సిస్ కోసం అప్పటికి 258 రకాల బయోమార్కర్లను పరిశోధించినట్టు తేలింది. ఒక్కటి చాలినదైతే ఇన్ని వెదికేవారా?

కుటుంబం చేయవలసినవి

1. జ్వరంతో పాటు మాట తడబడినా, మగతగా ఉన్నా, ఆయాసం వచ్చినా, చేతులు కాళ్లు చల్లబడినా, మూత్రం తగ్గినా వెంటనే ఆసుపత్రికి తీసుకువెళ్లండి. పసిబిడ్డ పాలు త్రాగడం మానివేస్తే, ఒళ్లు చల్లబడితే అదీ ప్రమాదమే. బయట ల్యాబు రిపోర్టు రానిమ్మని ఇంట్లో ఆగవద్దు.

2. రిపోర్టు చూపించి "ఎక్కువా, తక్కువా?" అని మాత్రమే అడగకండి. "నిన్నటికీ నేటికీ ఎలా ఉంది? రక్తపోటు, మూత్రం, స్పృహ ఎలా ఉన్నాయి?" అని అడగండి.

3. పరీక్ష మళ్లీ చేయాలంటే ఖర్చు ఉంటుంది. "దీనిని బట్టి చికిత్సలో ఏమి మారుస్తారు?" అని మర్యాదగా అడగడం తప్పు కాదు.

4. ఒక అంకె పెరిగిందని ఆశ వదలి రోగిని ఇంటికి తీసుకువెళ్లవద్దు. తగ్గిందని మందులు మీ అంతట మీరు ఆపవద్దు.

5. పరామర్శకు వెళ్లేవారు రిపోర్టు చదివి తీర్పు చెప్పకండి. ఆ ఇంటివారికి ఇంత భోజనం పట్టుకెళ్లండి, ఒక రాత్రి వారికి బదులు కూర్చోండి. వారు కాస్త నిద్రపోతే ఉదయం డాక్టరు గారి మాట సరిగా వినగలుగుతారు.

వచ్చే నెల మరొక అంశంతో కలుసుకుందాం.