ఎండినంత మాత్రాన ఉడికినట్టు కాదు

ఇంట్లో అవెన్‌లో బీఫ్ జెర్కీ చేసుకుంటున్నారా? అయితే ఇది మీరు తప్పక చదవాలి. పచ్చి మాంసాన్ని పలచగా కోసి, సోయా సాస్‌లో నానబెట్టి, అవెన్‌ను సన్నటి వేడి మీద పెట్టి రాత్రంతా వదిలేసే పద్ధతి ఒకటుంది. తెల్లారేసరికి ముక్క నల్లబడి గట్టిపడుతుంది. చూస్తే తినడానికి సిద్ధమైనట్టే ఉంటుంది. అందులోని ఈ.కోలి, సాల్మొనెల్లా లాంటి సూక్ష్మజీవులు చచ్చాయో లేదో మాత్రం కంటికి తెలియదు.

తెలంగాణ పల్లెల్లో తునకలు ఎండబెట్టడం చూసి పెరిగి, ఇప్పుడు అమెరికాలో ఉంటున్నవాళ్లకు ‘ఎండిన మాంసంతో భయమేంటి?’ అనిపించవచ్చు. కానీ తునకలు తినేముందు కూరలో కుతకుత ఉడుకుతాయి, లేదా నిప్పుల మీద కాలుతాయి. జెర్కీకి ఆ చివరి మంట తగలదు. అవెన్‌లోంచి తీసిందే తడవుగా నోట్లోకి పోతుంది.

అవెన్ చూపే అంకెను నమ్మకండి. అది లోపలి గాలి వేడి, ముక్క వేడి కాదు. తడి ఆవిరవుతున్నంతసేపూ ముక్క చల్లగానే ఉంటుంది. తడి ఆరి ముక్క వేడెక్కే సమయానికి సూక్ష్మజీవులు కూడా ఎండి మొండికేస్తాయి. తడిగా ఉన్నప్పుడు వాటిని చంపగలిగే వేడి ఇక సరిపోదు. ఉప్పు, వెనిగర్, కారం రుచినిస్తాయి గానీ ఆ సూక్ష్మజీవుల్ని చంపడానికి సరిపోవు. ఫ్రీజర్‌లో పెట్టినా అవి చావవు.

ఇది ఊరికే భయపెట్టడానికి చెబుతున్న మాట కాదు. 1995లో ఆరెగాన్ రాష్ట్రంలో ఇంట్లో చేసిన జింక మాంసం జెర్కీ తిని 11 మంది ఈ.కోలి ఓ157 రకం బారిన పడ్డారు. అదే ఏడాది న్యూ మెక్సికోలో స్థానికంగా తయారైన బీఫ్ జెర్కీ వల్ల 93 మందికి సాల్మొనెల్లా సోకింది.

అందుకే అమెరికా వ్యవసాయ శాఖ చెప్పేది ఒక్కటే: ముందు వేడి, తర్వాత ఎండబెట్టడం. మాంసాన్ని ఫ్రిజ్‌లోనే నానబెట్టండి. పావు అంగుళం మించని మందంలో కోయండి. ముక్కల్ని ఆ నానబెట్టిన రసంతో సహా పొయ్యి మీద పెట్టి, మరగడం మొదలయ్యాక 5 నిమిషాలు ఉడికించండి. వేడి ముక్కను థర్మామీటర్ మొనకు చుట్టి చూస్తే 160 డిగ్రీల ఫారన్‌హీట్, అంటే 71 సెల్సియస్ చూపాలి. కోడి, టర్కీ అయితే 165. ఆ తర్వాతే 130–140 డిగ్రీల వేడిలో ఎండబెట్టాలి. మీ అవెన్ అంత తక్కువకు దిగకపోతే డీహైడ్రేటర్ వాడండి. వంచినప్పుడు ముక్క బీటలివ్వాలి, విరగకూడదు.

ముందుగా ఉడికించకుండా ఎండబెట్టేశారా? పారేయక్కర్లేదు. పావు అంగుళం లోపు ముక్కలైతే 275 డిగ్రీల ఫారన్‌హీట్‌కు వేడెక్కిన అవెన్‌లో ఒకే వరసగా పరిచి 10 నిమిషాలు ఉంచండి. సరిగ్గా చేసిన జెర్కీని గాలి చొరని డబ్బాలో పెడితే బయట రెండు వారాలు నిలవుంటుంది. అంతకుమించి దాచాలంటే ఫ్రీజర్‌లో పెట్టండి.

ఖీమాతో చేసే జెర్కీకి ఇంకా జాగ్రత్త కావాలి. కండ పైన ఉండే సూక్ష్మజీవులు రుబ్బేటప్పుడు లోపలికంతా కలిసిపోతాయి.

తిన్నాక రక్త విరేచనాలైతే ఇంట్లో ఉన్న యాంటీబయాటిక్, విరేచనాలు ఆపే మాత్ర వేసుకోకండి. ఈ.కోలి ఓ157 సోకినప్పుడు అవి హాని పెంచవచ్చు. ఈ జబ్బు ముదిరితే ఐదేళ్లలోపు పిల్లల మూత్రపిండాలు దెబ్బతినే ప్రమాదం ఎక్కువ. వెంటనే ఆసుపత్రికి వెళ్లి, జెర్కీ తిన్న సంగతి డాక్టరుకు చెప్పండి.

ఎలా తయారైందో తెలియని ఇంటి జెర్కీని పిల్లలకు, గర్భిణులకు, వృద్ధులకు పెట్టకండి. మీరు చేసిందైతే, 160 (కోడి, టర్కీ అయితే 165) దాటిందని థర్మామీటర్‌లో కళ్లారా చూశాకే పక్కవాళ్లకు పంచండి.