‘మ్యూజిక్ చేస్తా’ సరే... ‘సౌండ్ చేస్తా’ అనేదెవరు?

‘సినిమాకు మ్యూజిక్ చేస్తా’ అనే పిల్లలు మన దగ్గర చాలామందే. ‘సౌండ్ చేస్తా’ అనేవాళ్లే కనపడరు. ముస్తాబాద్‌లో ఉండి డిగ్రీ చదువుతున్న మీకు ఆ రెండోదే దగ్గరి దారి అని నా అభిప్రాయం.

ఎందుకంటారా? 2019లో వచ్చిన ‘మల్లేశం’ చూసే ఉంటారు. ఆసు యంత్రం కనిపెట్టిన చింతకింది మల్లేశం జీవితం మీద రాజ్ రాచకొండ తీసిన చిన్న సినిమా. సంగీతం మార్క్ కె. రాబిన్, సౌండ్ డిజైన్ నితిన్ లూకోస్. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివిన లూకోస్‌ది కేరళ. మన నేతకారుల కథకు చప్పుడు కూర్చడానికి కేరళ మనిషి రావాల్సి వచ్చింది. ఆయన పనికి వంక పెట్టట్లేదు. ఆ పని నేర్చినవాళ్లు మన దగ్గర ఎందుకు లేరన్నదే నా బాధ.

ఇంతకీ పనేంటి? షూటింగ్‌లో మాటలు శుభ్రంగా రికార్డు చేయాలి. ఎవరూ మాట్లాడని గది నిశ్శబ్దాన్ని కూడా ఓ నిమిషం పట్టుకోవాలి. లేకపోతే ఎడిటింగ్‌లో డైలాగుకూ డైలాగుకూ మధ్య అతుకు తెలిసిపోతుంది. అడుగుల చప్పుడు, గాజుల గలగల లాంటివి తర్వాత విడిగా చేస్తారు, అది ఫోలీ. చివరికి అన్నీ కలిపి మిక్సింగ్. చిన్న సినిమాలో డబ్బులుండవు కాబట్టి సంగీతం, సౌండ్ రెండూ తెలిసినవాడు దొరికితే నిర్మాత వదలడు.

పెద్ద ఖర్చేం అక్కర్లేదు. ఆడాసిటీ ఉచితం, రీపర్ తక్కువ ధరకే వస్తుంది. ఫోన్‌తోనైనా సరే, సిరిసిల్ల సాంచాల చప్పుడు పొద్దున ఒకసారి, కరెంటు పోయి అన్నీ ఒక్కసారే ఆగినప్పుడు ఒకసారి రికార్డు చేసి వినండి. తేడా వినపడితే మీకు చెవి ఉన్నట్టే. పద్ధతిగా చదవాలంటే పుణె ఎఫ్‌టీఐఐ, కోల్‌కతా సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ ఉన్నాయి. డిగ్రీ తర్వాతే ప్రవేశం. ఇంటర్‌లో ఫిజిక్స్ అడగొచ్చు, నోటిఫికేషన్ ముందే చూసుకోండి.

డబ్బుల సంగతి దాచను. షార్ట్ ఫిల్ములకు చాలాసార్లు భోజనమే పారితోషికం. అందుకే మొదట్లో యూట్యూబ్ జానపద పాటల రికార్డింగో, పెళ్లి వీడియోల ఆడియో పనో చేతిలో ఉంచుకోండి. చిన్నతనం అనుకోవద్దు.

ఇంకో మాట. సంతకం పెట్టే కాగితం చదవండి. 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించారు. థియేటర్లో సినిమాతో పాటు వినపడేది తప్ప, పాట వేరేచోట వాడితే వచ్చే రాయల్టీలో సంగీత దర్శకుడికి సమాన వాటా ఉంటుంది. దాన్ని నిర్మాతకు రాసిచ్చినా చెల్లదు. ఐపీఆర్‌ఎస్‌లో సభ్యత్వం తీసుకుంటే వసూలు వాళ్లు చూస్తారు. సౌండ్ డిజైనర్‌కు మాత్రం ఈ హక్కు లేదు. కాబట్టి సౌండ్ పనికి అడ్వాన్సు ముందే తీసుకోండి, ఫైనల్ మిక్స్ ఫైలు చేతికిచ్చేలోపే మిగతాది అడగండి. మొహమాటపడితే ఆ బాకీ వసూలయ్యేది కష్టమే.